చిలుక పేరే తిట్టయింది

అందరికీ నమస్కారం.

మలయాళంలో పైంకిళి అంటే పచ్చని చిలుక. 16వ శతాబ్దంలో మలయాళ కవి ఎళుత్తచ్చన్ రామాయణం మొత్తాన్ని చిలుక నోటే చెప్పించాడు. అంత మర్యాద ఉన్న పిట్ట అది. ఇప్పుడు కేరళలో ఎవరి కథనైనా 'పైంకిళి' అన్నారంటే ఆ రచయిత మొహం మాడిపోతుంది. చౌకబారు ఏడుపుగొట్టు ప్రేమకథ అని దానర్థం.

ఆ తిట్టు మలయాళ రచయిత ముట్టత్తు వర్కి నవల పేరు నుంచి వచ్చింది. 'పాడాత్త పైంకిళి', అంటే పాడని చిలుక. 1955లో 'దీపిక' అనే మలయాళ పత్రికలో సీరియల్‌గా వచ్చింది. పేదింటి అమ్మాయి, కలిగినింటి అబ్బాయి. రెండేళ్లకే సినిమా కూడా అయింది. ఆ తర్వాత ఈ సీరియళ్లకి అడ్డా కేరళలోని కోట్టయం పట్టణం: 1937 నుంచీ ఉన్న మనోరమ వారపత్రిక, 1969లో మొదలైన మంగళం. 1980ల్లో మంగళం అమ్మకాలు పది లక్షలు దాటాయి. ఈ రెండింటినీ కలిపి 'మ' పత్రికలని వెక్కిరించేవారు. సాహిత్యానికి పేరున్న మాతృభూమి వారపత్రిక కూడా 'మ'తోనే మొదలవుతుంది, దాన్ని మాత్రం ఎవరూ ఏమీ అనలేదు!

నేను మంగళం చూసింది హైదరాబాద్ హాస్టల్లో. పక్క గదిలో కేరళ నర్సులు నలుగురు. ఒకటే కాపీ, మూలలు మడతలు పడి, నలుగురి చేతులూ మారేది. నైట్ డ్యూటీ నుంచి వచ్చిన అక్క కాళ్లు చాపుకుని చదువుతూ నాకు తెలుగులో చెప్పేది.

"పెళ్లి ఆగిపోయింది. పది పవన్ తక్కువైందట."

పవన్ అంటే మన కాసు. "ప్రేమకథ అన్నావుగా అక్కా?" అన్నాను.

"ప్రేమ ఎక్కడికి పోతుంది? ముందు బంగారం లెక్క తేలాలి."

పేజీ కింద 'తుడరుం' అని ఉంది. మన 'సశేషం' అన్నమాట. అక్క జీతంలో సగం ఊళ్లో చెల్లెలి బంగారానికే పోయేదని నాకు తర్వాత తెలిసింది.

ఈ సీరియళ్లు గొప్పవని నేను అనను. సాగదీత ఎక్కువ, ఓర్చుకున్న ఆడదానికే మార్కులు. కానీ వాటిలో ప్రేమ కన్నా కట్నం, అప్పు, పెళ్లికాని అక్కల గొడవే ఎక్కువ. తిట్టినవాళ్లు అదేదీ చదవకుండానే తిట్టారని నా అనుమానం.

వర్కి పేరు మీద 1992లో ఒక అవార్డు మొదలైంది. మొదటిది ఎవరికి ఇచ్చారనుకున్నారు? 'ఖసాక్కింటె ఇతిహాసం' రాసిన ఒ.వి. విజయన్‌కి. మలయాళ ఆధునిక రచయితలందరికీ పెద్దన్న. ఆ నవల కూడా మొదట సీరియల్‌గానే వచ్చింది, మాతృభూమి వారపత్రికలో.