ఐదో కుర్చీలోని పాటగాడు: పీటర్ హోల్సాపిల్ సంగీత జీవితం

[తెరపై: నల్లని నేపథ్యం మీద కదులుతున్న శబ్దతరంగం]

1991లో అమెరికన్ బృందం ఆర్.ఇ.ఎం. విడుదల చేసిన "లూజింగ్ మై రిలీజియన్" పాటలో అందరి చెవికీ మొదట తగిలేది ఆ బృందపు గిటారిస్టు పీటర్ బక్ వాయించిన మాండలిన్. కొంచెం శ్రద్ధగా వింటే ఆ మాండలిన్ అడుగున ఒక అకౌస్టిక్ గిటార్ నిలకడగా సాగుతూ వినిపిస్తుంది. సన్నని మాండలిన్ తీగలు ఇవ్వలేని బరువును పాటకు ఇస్తున్నది ఆ గిటారే. అమెరికాలో పాటల ఆదరణను కొలిచే బిల్‌బోర్డ్ హాట్ 100 పట్టికలో 4వ స్థానం దాకా వెళ్లిన ఆ పాటలో దానిని వాయించిన వ్యక్తి ఆర్.ఇ.ఎం. సభ్యుడు కాడు. అతని పేరు పీటర్ హోల్సాపిల్. అప్పటికే అతడు సొంత బృందంలో పదేళ్లు పాటలు రాసి, పాడి, నాలుగు ఆల్బమ్‌లు తెచ్చి, విమర్శకుల మెప్పును పుష్కలంగానూ అమ్మకాలను అరకొరగానూ చూసినవాడు.

ఇలాంటి కథను సాధారణంగా ఓడిపోయిన కళాకారుడి కథగా చెబుతారు: సొంత పాటలు ఆడలేదు కనుక ఇతరుల వెనుక నిలబడి వాయించుకున్నాడని. ఆ చెప్పే తీరు సరికాదని నా అభిప్రాయం. హోల్సాపిల్‌ను ఇతర బృందాలు పిలిచింది అతడు పాటలు కట్టగలవాడు కావడం వల్లనే. అతనికి డబ్బు రాకపోవడానికి కారణాలు మాత్రం సంగీతంలో కాక సరుకు పంపిణీలోనూ హక్కుల చట్టంలోనూ ఉన్నాయి. ఈ వీడియోలో ఆ రెండింటినీ విడివిడిగా చూద్దాం.

[తెరపై: నార్త్ కరోలినా పటం, విన్‌స్టన్-సేలం నగరం]

ముందుగా హోల్సాపిల్ పాటలు కట్టిన పవర్ పాప్ అనే బాణీ గురించి నాలుగు మాటలు చెప్పుకోవాలి. ఆ పేరును 1967లో ద హూ బృందానికి చెందిన పీట్ టౌన్షెండ్ తమ సంగీతాన్ని వర్ణించడానికి వాడారు. బీటిల్స్ నాటి తీయని వరుసలు, కలిసి పాడే గొంతుల పొందిక, వాటికి తోడు గట్టిగా మోగే ఎలక్ట్రిక్ గిటార్లు, అన్నీ మూడు నిమిషాల్లో ముగియాలి. 1970ల మొదట్లో బ్యాడ్‌ఫింగర్, రాస్ప్‌బెరీస్, మెంఫిస్ నగరపు బిగ్ స్టార్ ఈ బాణీకి రూపు దిద్దారు. 1979లో ద నాక్ పాడిన "మై షరోనా" అమెరికాలో మొదటి స్థానానికి చేరింది కానీ, అలాంటి విజయాలు ఈ బాణీలో వేళ్ల మీద లెక్కపెట్టదగినవే. ఇక్కడ గంటల తరబడి మనోధర్మం చూపే అవకాశం ఉండదు. పల్లవి ఎప్పుడు రావాలి, రెండో గొంతు ఎక్కడ కలవాలి, గిటార్ ఎక్కడ ఆగాలి అన్నది ముందే తేల్చుకోవాలి. ఆ లెక్క తెలిసినవారు ఎవరి పాటలోనైనా ఖాళీ ఎక్కడుందో ఇట్టే కనిపెట్టగలరు.

హోల్సాపిల్ 1956లో కనెటికట్ రాష్ట్రంలో పుట్టి, పొగాకు పరిశ్రమకు పేరుపడిన విన్‌స్టన్-సేలంలో పెరిగాడు. బడి రోజుల్లోనే క్రిస్ స్టేమీ, మిచ్ ఈస్టర్ వంటి మిత్రులతో కలిసి వాయించాడు. ఆ మిత్రబృందం అసాధారణమైనది. తరువాతి కాలంలో ఈస్టర్ అదే ఊళ్లో డ్రైవ్-ఇన్ అనే చిన్న స్టూడియో నడిపాడు, ఆర్.ఇ.ఎం. తొలి రికార్డింగులు జరిగింది అక్కడే. స్టేమీ న్యూయార్క్ వెళ్లి, బిగ్ స్టార్ గాయకుడు అలెక్స్ చిల్టన్ పక్కన బేస్ గిటార్ వాయించాడు. అక్కడే 1978లో స్టేమీ, జీన్ హోల్డర్, విల్ రిగ్బీ, హోల్సాపిల్ కలిసి ద డీబీస్ అనే బృందంగా ఏర్పడ్డారు.

[తెరపై: రెండు ఆల్బమ్‌ల పేర్లు, 1981]

ద డీబీస్‌లో ఇద్దరు రచయితలు. స్టేమీ పాటలు వంకరలు తిరుగుతూ, ఊహించని చోట మలుపు తీసుకుంటాయి. హోల్సాపిల్ పాటలు సూటిగా వచ్చి తలలో తిష్ట వేస్తాయి. 1981లో వచ్చిన తొలి ఆల్బమ్ "స్టాండ్స్ ఫర్ డెసిబెల్స్" అతని "బ్లాక్ అండ్ వైట్" పాటతోనే మొదలవుతుంది. ఆ వెంటనే వచ్చిన "రిపర్కషన్"లో అతడు రాసిన "ఆంప్లిఫయర్" నాకు ఈ బాణీ మొత్తంలో అత్యంత నచ్చిన పాటల్లో ఒకటి. ప్రియురాలు ఇల్లంతా ఊడ్చుకుని పోగా ఒక్క ఆంప్లిఫయర్ మాత్రం మిగిలిన మనిషి విషాదం అది. మొదటి మాటలోనే చావు కబురు చెప్పే ఆ కథను అతడు గంతులేయించే హుషారు వరుసలో కూర్చాడు. నవ్వాలో జాలిపడాలో తెలియని ఆ స్థితిలో శ్రోతను మూడు నిమిషాలు నిలబెట్టడం సామాన్యమైన నేర్పు కాదు.

అయితే ఈ రెండు ఆల్బమ్‌లనూ తెచ్చింది ఆల్బియన్ అనే బ్రిటిష్ సంస్థ. న్యూయార్క్‌లో నివసిస్తున్న అమెరికన్ బృందం రికార్డులు అమెరికాలో దిగుమతి సరుకుగా మాత్రమే దొరికేవి. అక్కడ అవి సొంతంగా విడుదలయ్యేసరికి 1980ల దశకం ముగింపుకు వచ్చింది. 1980లలో ఇలాంటి సంగీతానికి ఊపిరి పోసింది విశ్వవిద్యాలయాల విద్యార్థులు నడిపే రేడియో కేంద్రాలు. ఊరి దుకాణంలో దొరకని రికార్డును అవి ఎంత మోసినా ఫలితం పరిమితమే.

ఇక్కడ ఒక పోలికను గమనించాలి. "రిపర్కషన్"కు నిర్మాతగా పనిచేసిన స్కాట్ లిట్ అప్పటికి కొత్తవాడు. సరిగ్గా పదేళ్ల తరువాత ఆర్.ఇ.ఎం. "ఔట్ ఆఫ్ టైమ్" ఆల్బమ్‌కు బృందంతో పాటు నిర్మాతగా వ్యవహరించినది కూడా అతడే. రెండింటిలోనూ హోల్సాపిల్ చేతులున్నాయి. ఒకటి దుకాణాలకు చేరలేదు, మరొకటి ప్రపంచమంతా చేరింది. పాటల నాణ్యతలో ఆ పాటి తేడా నాకైతే వినిపించదు.

రెండో ఆల్బమ్ తరువాత స్టేమీ తప్పుకున్నాడు. గాత్రం, రచన మొత్తం హోల్సాపిల్ మీద పడ్డాయి. 1984లో బేర్స్‌విల్ సంస్థ ద్వారా "లైక్ దిస్" వచ్చింది; "ఆంప్లిఫయర్"ను మళ్లీ రికార్డు చేసి అందులో చేర్చారు. ఈసారి సంస్థ అమెరికన్‌దే కానీ, సరిగ్గా అప్పుడే దానికి వార్నర్ బ్రదర్స్‌తో ఉన్న పంపిణీ సంబంధం తెగిపోయింది. సంస్థ అధిపతి ఆల్బర్ట్ గ్రాస్‌మన్ 1986 జనవరిలో మరణించాడు. తరువాతి ఆల్బమ్ "ద సౌండ్ ఆఫ్ మ్యూజిక్" 1987లో ఐ.ఆర్.ఎస్. సంస్థ నుంచి వచ్చేనాటికి మూడేళ్లు గడిచిపోయాయి. ఆ ఏడాది వారు ఆర్.ఇ.ఎం. కచేరీలకు ముందు వాయించే బృందంగా తిరిగారు. 1988లో ద డీబీస్ విడిపోయింది.

[తెరపై: వేదిక మీద నాలుగు దీపాల వెలుగు, వెనుక ఐదో వాద్యకారుడి నీడ]

1989లో "గ్రీన్" ఆల్బమ్ కోసం ఆర్.ఇ.ఎం. పెద్ద పెద్ద వేదికల మీద సుదీర్ఘ పర్యటన చేపట్టినప్పుడు నలుగురితో ఆ పాటల శబ్దమంతా రాదని గ్రహించి, గిటార్, కీబోర్డు రెండూ తెలిసిన హోల్సాపిల్‌ను తీసుకుంది. ఆ తరువాతి ఆల్బమ్ "ఔట్ ఆఫ్ టైమ్"లో ఈ అవసరం మరింత పెరిగింది. బక్ మాండలిన్ పట్టుకుంటే గిటార్ ఎవరు వాయించాలి? బేస్ వాయించే మైక్ మిల్స్ కీబోర్డు ముందు కూర్చుంటే బేస్ సంగతి ఏమిటి? "లూజింగ్ మై రిలీజియన్", "షైనీ హ్యాపీ పీపుల్" పాటల్లో అకౌస్టిక్ గిటార్, "రేడియో సాంగ్", "లో" పాటల్లో బేస్, "బిలాంగ్"లో ఎలక్ట్రిక్ గిటార్ హోల్సాపిల్‌వే. కర్ణాటక సంగీత సభల్లో మంచి పక్కవాద్యం వాయించేవారు గాయకుడి గొంతును మించకుండా, ఖాళీని మాత్రం ఖాళీగా ఉంచకుండా చూసుకుంటారు కదా. హోల్సాపిల్ చేసినది ఆ పనే.

ఇప్పుడు డబ్బు సంగతికి వద్దాం, ఎందుకంటే ఇలాంటి జీవితం ఏ మలుపు ఎందుకు తీసుకుంటుందో అర్థం కావాలంటే ఇది తెలియాలి. అమెరికాలో ఒక పాట మీద ఎడతెగని ఆదాయం వచ్చేది ప్రధానంగా దాని రచయితలకు. అమ్ముడైన ప్రతి కాపీ మీదా పాటకు ఇంత అని చట్టం నిర్ణయించిన మొత్తం వారికి అందుతుంది. 2006 నుంచి 2022 వరకు అది పాటకు 9.1 సెంట్లు. మామూలు రేడియోలో పాట మోగిన ప్రతిసారీ డబ్బు ముట్టేది రచయితలకు, వారి ప్రచురణకర్తలకు మాత్రమే. పాడినవారికిగానీ వాయించినవారికిగానీ అమెరికన్ మామూలు రేడియో ఒక్క సెంటు చెల్లించదు. ఆర్.ఇ.ఎం. తమ పాటల రచనను సభ్యులైన బెరీ, బక్, మిల్స్, స్టైప్ అనే నాలుగు పేర్ల మీద సమానంగా నమోదు చేసుకుంది. లోపలివారి మధ్య తగాదాలు రాకుండా కాపాడిన గొప్ప ఏర్పాటు అది. ఐదో మనిషికి మాత్రం అందులో చోటు లేదు. సైడ్‌మ్యాన్‌కు, అంటే సభ్యుడు కాకుండా బృందం పక్కన వాయించేవాడికి, దక్కేది స్టూడియోలో పనిచేసినందుకు రుసుము, పర్యటనలో ఉన్నన్నాళ్లు జీతం. ఉపగ్రహ, ఇంటర్నెట్ రేడియోల కోసం తరువాత వచ్చిన చట్టంలో కూడా రికార్డింగు ఆదాయంలో 50 శాతం యజమానికి, 45 శాతం ప్రధాన కళాకారులకు, 5 శాతం మాత్రమే మిగతా వాద్యకారులకూ గాయకులకూ కేటాయించారు.

"ఔట్ ఆఫ్ టైమ్" విడుదలైనప్పుడు ఆర్.ఇ.ఎం. పర్యటన చేయకూడదని నిర్ణయించుకుంది. ఎం.టీవీ అన్‌ప్లగ్డ్ వంటి కొన్ని ప్రదర్శనలతో సరిపెట్టింది. వాటిలో హోల్సాపిల్ ఉన్నాడు కానీ, పర్యటన లేకపోతే సైడ్‌మ్యాన్‌కు జీతం లేదు. 1991లోనే ఆ అనుబంధం ముగిసింది. అదే ఏడాది స్టేమీతో కలిసి "మావరిక్స్" అనే ఆల్బమ్ తెచ్చాడు; ఇద్దరి గొంతులూ ఒదిగిన తీరు వింటే ఎనిమిదేళ్లకు పైబడిన ఎడబాటు ఎక్కడా కనిపించదు.

ఆర్.ఇ.ఎం. మళ్లీ పర్యటనకు బయలుదేరిన 1995లో ఆ స్థానంలోకి స్కాట్ మెకాహీ వచ్చాడు, మరికొన్నేళ్లకు ద పోసీస్ బృందపు కెన్ స్ట్రింగ్‌ఫెలో వచ్చాడు. ఇద్దరూ సొంత బృందాలకు పాటలు రాసే పవర్ పాప్ మనుషులే. వాషింగ్టన్ పరిసరాల్లో పెరిగిన గాయకుడు టామీ కీన్ కూడా సొంత ఆల్బమ్‌ల మధ్య పాల్ వెస్టర్‌బర్గ్, రాబర్ట్ పొలార్డ్ అనే రాక్ గాయకుల పక్కన గిటార్ వాయించాడు. విల్ రిగ్బీ స్టీవ్ ఎర్ల్ వద్ద డ్రమ్స్ వాయించాడు. ఇంతమంది ఒకే దారిన నడవడం యాదృచ్ఛికం కాదు: పాటంతా తలలో పెట్టుకుని, రెండో గొంతు పాడుతూ, అవసరమైన వాద్యం అందుకుని, అవసరం లేనప్పుడు చేతులు ముడుచుకుని ఉండగలవారు మార్కెట్లో తక్కువ.

[తెరపై: న్యూ ఆర్లియన్స్ వీధి, సాయంకాలం]

హోల్సాపిల్ తరువాతి ఉద్యోగం హూటీ అండ్ ద బ్లోఫిష్ వద్ద. 1994 నాటి వారి "క్రాక్డ్ రియర్ వ్యూ" అమెరికాలో 2 కోట్లకు పైగా ప్రతుల ధ్రువీకరణ పొందింది. మరీ సాదా సంగీతమని ఆ బృందాన్ని వెక్కిరించడం అప్పట్లో ఒక ఫ్యాషన్. ఆ వెక్కిరింతలు చేసినవారు ఎవరూ హోల్సాపిల్ ఇంటి అద్దె కట్టలేదు. కీబోర్డు, గిటార్, మాండలిన్ అందుకుంటూ అతడు ఆ బృందంతో ఏళ్ల తరబడి తిరిగాడు. ఆ నిలకడైన పని అండగా ఉండగా న్యూ ఆర్లియన్స్‌లో తన మనసుకు నచ్చిన కాంటినెంటల్ డ్రిఫ్టర్స్‌లో పాటలు రాశాడు. అందులో సూసన్ కౌసిల్, బ్యాంగిల్స్ బృందానికి చెందిన విక్కీ పీటర్సన్ వంటి గాయకులుండేవారు. ఎవరి పాట వారు పాడుతుంటే మిగతావారంతా పక్కవాద్యంగా మారిపోయేవారు. 2001 నాటి "బెటర్ డే" వారి చివరి ఆల్బమ్. ఈ మధ్యలో 1997లో "ఔట్ ఆఫ్ మై వే" అనే సొంత ఆల్బమ్ కూడా వచ్చింది.

2005లో కత్రినా తుపాను అతని ఇంటిని ముంచేసింది. ఆ తరువాత నార్త్ కరోలినాకు తిరిగి వెళ్లి డరమ్‌లో స్థిరపడ్డాడు. 2009లో స్టేమీతో రెండో ఆల్బమ్, 2012లో ద డీబీస్ అసలు నలుగురితో "ఫాలింగ్ ఆఫ్ ద స్కై", 2018లో సొంతంగా "గేమ్ డే" వచ్చాయి. ఇవన్నీ చిన్న స్వతంత్ర సంస్థల ద్వారా వచ్చినవే. "గేమ్ డే"లో వయసు మీద పడిన మనిషి చూపు ఉంది. 1981 నాటి హడావుడి లేదు, వరుస కట్టే చెయ్యి మాత్రం అదే.

వినదలచినవారు "రిపర్కషన్"తో మొదలుపెట్టి, తరువాత "మావరిక్స్" వినవచ్చు. "ఆంప్లిఫయర్" రెండు రూపాలనూ పక్కపక్కన పెట్టి వింటే 1981కీ 1984కీ మధ్య రికార్డింగు పద్ధతులు ఎంత మారాయో తెలుస్తుంది. నా ఓటు మొదటిదానికే.