కవరు అందిన రోజే లెక్క మొదలు

అందరికీ నమస్కారం. గుంటూరులో అప్పు లేని వ్యాపారం ఉండదని మీకు నేను చెప్పక్కర్లేదు. బ్యాంకులో తాకట్టు పెట్టిన ఇల్లు వేలానికి పోకుండా ఎప్పుడు మేలుకోవాలో, ఈ సాయంత్రం ఆ ఒక్క సంగతి మీ చెవిన వెయ్యాలని వచ్చాను.

కొన్నాళ్ల కిందట ఒక మిర్చి వ్యాపారి మా ఆఫీసుకి వచ్చారు. చేతిలో తెలుగు పేపరు. అందులో ఆయన ఇంటి వేలం ప్రకటన, హద్దులతో సహా. "బామ్మర్ది డబ్బు సర్దుతానన్నాడండీ, వడ్డీతో సహా కట్టేస్తాను, ఇల్లు విడిపించండి" అన్నారు. డబ్బు నిజంగానే ఉంది. కానీ ఆయన ఆ మాట ఆ పేపరు రాకముందు అనాల్సింది.

ఒకప్పుడు వేలం జరిగే రోజు వరకూ బాకీ కట్టి తాకట్టు విడిపించుకునే వీలుండేది. కోర్టుకి వెళ్లకుండానే బ్యాంకు తాకట్టు ఆస్తిని అమ్ముకునే వీలిచ్చేది 2002 నాటి సర్ఫేసీ చట్టం. దాన్ని 2016లో సవరించారు. ఇప్పుడు ఖర్చులతో సహా బాకీ మొత్తం వేలం ప్రకటన అచ్చుకాకముందే కట్టాలి. ఈ తేడా తెలియక ఇళ్లు పోతున్నాయి. 2023లో సుప్రీంకోర్టు దాకా వెళ్లిన ఒక కేసు చూడండి. వేలంలో ఒకరు సుమారు 105 కోట్లకు పాడుకున్నారు. తర్వాత బాకీదారు 129 కోట్లు కడతానన్నాడు. బ్యాంకు తీసుకుంది, హైకోర్టూ సరేనంది. సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు, ఆస్తి పాడుకున్నవాళ్లకే ఇమ్మంది. అంత డబ్బు తెచ్చినవాడికే దక్కనిది మనకెలా దక్కుతుంది?

అందుకే వెనక్కి వెళ్లి లెక్కేసుకోవాలి. వాయిదా 90 రోజులు దాటితే ఖాతా ఎన్‌పీఏ, అంటే మొండి బాకీ, అవుతుంది. ఆపైన 60 రోజుల్లో బాకీ కట్టమని బ్యాంకు నోటీసు వస్తుంది. మీ చేతిలో ఉన్న అసలైన టైము ఇదే. ఆ వ్యాపారి ఈ నోటీసు తీసుకోలేదు. రిజిస్టర్డ్ పోస్టు వెనక్కి పంపితే కేసు నిలవదని ఎవరో చెప్పారట! ఆ సలహా ఇచ్చినవాళ్లను తలుచుకుంటే నాకు ఇప్పటికీ బాధేస్తుంది. మీరు తీసుకోకపోతే నోటీసు తలుపుకి అంటిస్తారు, పేపర్లో వేస్తారు. రోజులు మాత్రం ఆగవు.

నోటీసు తీసుకోండి. లెక్క తప్పుగా ఉన్నా, కట్టిన వాయిదాలు జమ కాకపోయినా రాతపూర్వకంగా అభ్యంతరం పెట్టండి. బ్యాంకు 15 రోజుల్లో కారణాలు చెబుతూ జవాబివ్వాలి. ఓటీఎస్, అంటే ఒకేసారి ఇంత కట్టి బాకీ తేల్చుకునే ఒప్పందం, అడగాలన్నా ఇదే అదను. మేనేజరుగారు నోటితో "చూద్దాంలే" అంటే దాన్ని నమ్ముకుని కూర్చోవద్దు, కాగితం మీద తీసుకోండి. ఆ 60 రోజుల్లో బాకీ తేలకపోతే బ్యాంకు ఆస్తికి స్వాధీనం నోటీసు అంటిస్తుంది. అది అంటించాక 45 రోజుల్లో డీఆర్‌టీకి, అంటే బ్యాంకు బాకీల కేసులు వినే ట్రిబ్యునల్‌కి, వెళ్లొచ్చు. ఆ ట్రిబ్యునల్ విశాఖపట్నంలో ఉంది, కాబట్టి ప్రయాణానికీ కాగితాలకీ పట్టే రోజులు కూడా లెక్కలో వేసుకోండి.

మన జిల్లాలో చాలామంది అడిగేది పొలం గురించి. వ్యవసాయ భూమికి సర్ఫేసీ వర్తించదు. అయితే పట్టాదారు పాస్‌బుక్కు ఉంటే చాలదు, అక్కడ నిజంగా సాగు జరుగుతుండాలి, ఆ రుజువు మీరే చూపాలి. ప్లాట్లు వేసి రాళ్లు పాతిన నేలను పొలం అంటే కోర్టు వినదు.

ప్రైవేటు అప్పు దారి వేరు. తనఖా దస్తావేజు రాస్తే విడిపించుకునే హక్కు తేలిగ్గా పోదు, దావా గడువే 30 ఏళ్లు. అందుకే కొందరు వడ్డీ వ్యాపారులు తనఖా రాయించుకోరు, ఏకంగా అమ్మకం దస్తావేజే రాయించుకుంటారు. "బాకీ తీరిస్తే తిరిగి రాసిస్తాం" అనే మాట వేరే కాగితం మీద ఉంటుంది, లేదా నోటి మాటే. ఆ షరతు అదే దస్తావేజులో లేకపోతే చట్టం దాన్ని తనఖాగా చూడదు. 2015లో విజయవాడలో వడ్డీ వ్యాపారుల కాల్‌మనీ గొడవ మీకందరికీ గుర్తుండే ఉంటుంది. అమ్మాయి పెళ్లి తొందరలో ఉన్నా సరే, అమ్మకం దస్తావేజు మీద మాత్రం సంతకం పెట్టకండి, మీ కాళ్లు పట్టుకుని చెబుతున్నాను.

ఇంటి అప్పులాంటి వ్యక్తిగత బ్యాంకు అప్పు పూర్తిగా తీర్చినవాళ్లకు ఒక మాట. 30 రోజుల్లో అసలు దస్తావేజులు తిరిగివ్వాలని రిజర్వ్ బ్యాంకు ఆదేశం ఉంది. తప్పు వాళ్లదై ఆలస్యమైతే రోజుకి 5,000 రూపాయలు మీకివ్వాలి.

ఇంట్లో నోటీసు ఉన్నవాళ్లు సభ అయ్యాక ఆగండి. రేపు వచ్చేవాళ్లు కవరు కూడా తెండి. అది మీకు ఏ రోజు అందిందో ముందు తేల్చాలి.