పార్ట్‌1, పార్ట్‌2 అని ముక్కలుగా వచ్చిన ఫైల్ ఓపెన్ అవట్లేదా? సెవెన్ జిప్ వర్సెస్ విన్‌రార్

హాయ్ అండి, అందరికీ నమస్తే. బెజవాడ ఎండ సంగతి మీకు తెలిసిందే, వెనకాల కూలర్ సౌండ్ వస్తుంది, కొంచెం అడ్జస్ట్ అయిపోండి. ఇవాళ సెవెన్ జిప్, విన్‌రార్, అంటే ఫైళ్లను కుదించి ప్యాక్ చేసి మళ్లీ విప్పే సాఫ్ట్‌వేర్లు, రెండూ పక్కపక్కన పెట్టి చూద్దాం, మామూలు జిప్ మీద కాదు, ముక్కలు చేసి పంపిన ఫైల్ మీద.

మా పిన్ని కూతురి పెళ్లి వీడియో గుంటూరు ఫొటోగ్రాఫర్ గారు డ్రైవ్ లింక్‌లో పంపారు, ఎనిమిది ముక్కలు. మా బాబాయ్ ఒక్కో ముక్క మీద రైట్ క్లిక్ కొట్టి ఎక్స్‌ట్రాక్ట్ ఎక్స్‌ట్రాక్ట్ (అంటే విప్పి బయటకు తీయడం) అని ఎనిమిదిసార్లు చేసి, "ఒరేయ్ వైరస్ పంపాడ్రా వీడు" అని నాకు ఫోన్ చేశాడు. అలా కాదండీ. ముక్కలన్నీ ఒకే ఫోల్డర్‌లో పడేసి పార్ట్‌1 ఒక్కదాన్నే ఎక్స్‌ట్రాక్ట్ చేస్తే మిగతావి అదే వెతుక్కుంటుంది. పేర్లు మాత్రం మార్చకూడదు, రెండోసారి డౌన్‌లోడ్ చేస్తే పేరు చివర బ్రాకెట్లో 1 అని వచ్చి చేరుద్ది చూడండి, అది తీసేయాలి. ఇంకోటి, జెడ్‌01, జెడ్‌02 అని వచ్చి వాటితో ఒక జిప్ ఉంటే, అక్కడ నొక్కాల్సింది ఆ జిప్‌నే.

సరే, నేను పార్ట్‌1 నొక్కినా ఎర్రర్ వచ్చింది. ఇక్కడ స్క్రీన్ చూడండి, డీటెయిల్స్ వ్యూలో సైజ్ కాలమ్. పార్ట్‌1 20,97,152 కేబీ, అంటే కరెక్ట్‌గా 2 జీబీ, పార్ట్‌2 అంతే, 3 అంతే... పార్ట్‌6 దగ్గరకొస్తే 14 లక్షల చిల్లరే. చివరి ముక్క తక్కువుంటే మామూలే, మధ్యది తక్కువుందంటే డౌన్‌లోడ్ సగంలో ఆగిపోయిందన్నమాట. ఏ సాఫ్ట్‌వేరూ దాన్ని పుట్టించలేదు, మళ్లీ దించుకోవాల్సిందే.

ఇక రివ్యూ. సెవెన్ జిప్ పూర్తిగా ఫ్రీ, ఇగోర్ పావ్లోవ్ అనే ఆయన 1999 నుంచి నడిపిస్తున్నాడు, చూడ్డానికి కూడా ఇంకా 1999లోనే ఉంది లెండి, కానీ రార్ (విన్‌రార్ తయారుచేసే రకం ఫైల్) ముక్కలు, పేరు చివర 001 అని ఉండే ముక్కలు అన్నీ తీసేస్తుంది. రార్ ఫైల్ తయారు చేయడం మాత్రం దానివల్ల కాదు. సెవెన్ జిప్‌లోంచి ఫైల్‌ని మౌస్‌తో లాగి డెస్క్‌టాప్ మీద వేయకండి, ముందు టెంప్ అనే తాత్కాలిక ఫోల్డర్‌లోకి తీసి తర్వాత కాపీ చేస్తుంది, సీ డ్రైవ్ నిండిపోద్ది, ఎక్స్‌ట్రాక్ట్ బటనే నొక్కండి. విన్‌రార్ ట్రయల్ 40 రోజులు, ఆ తర్వాత కొనమని అడుగుతూనే ఉంటుంది, పని కూడా చేస్తూనే ఉంటుంది. దాని గొప్పంతా రికవరీ వాల్యూమ్స్‌లో ఉంది, పంపేవాళ్లు ముందే ఒక రెవ్ ఫైల్ చేసి పెడితే పోయిన ముక్క ఒకటి తిరిగి వచ్చేస్తుంది. మన ఫొటోగ్రాఫర్ గారు పెట్టలేదు. పాత విన్‌రార్ ఉంటే మాత్రం కొత్త వెర్షన్‌కి మార్చేయండి, 2023లో పెద్ద సెక్యూరిటీ లోపం బయటపడితే 6.23 వెర్షన్‌లో సరిచేశారు.

నా ఓటు ఇంట్లో వాడకానికి సెవెన్ జిప్‌కే.

పార్ట్‌6 మళ్లీ దించా, 15 జీబీ వీడియో వచ్చింది. టీవీలో చూద్దామని బాబాయ్ పెన్‌డ్రైవ్‌లో వేస్తే ఎక్కలేదు. పెన్‌డ్రైవ్ ఫ్యాట్‌32 అనే పద్ధతిలో ఫార్మాట్ అయి ఉంటే 4 జీబీ దాటిన ఫైల్ పట్టదండీ, ఎక్స్‌ఫ్యాట్ అనే ఇంకో పద్ధతిలో ఫార్మాట్ చేయాలి, మీ టీవీ అది చదువుతుందో లేదో ముందు చూసుకోండి. మీకు ఏ ఎర్రర్ వస్తోందో ఉన్నదున్నట్టు కామెంట్‌లో పెట్టండి, "ఓపెన్ అవట్లేదు బ్రో" అంటే నాకేం అర్థమవుద్ది చెప్పండి.