సిక్కిం 1979: ఓటరును అడగకుండా మార్చిన జెండాలు

సభకు నమస్కారం. అధ్యక్షులవారికి, గ్రంథాలయ కమిటీ పెద్దలకు, ఈ ఎండలో ఓపిక చేసుకుని వచ్చిన మీ అందరికీ కృతజ్ఞతలు. పేర్లన్నీ చదివితే నాకిచ్చిన టైము అక్కడే అయిపోతుంది, మన్నించండి. ‘చిన్న రాష్ట్రాలు, ప్రజాస్వామ్యం’ అని కార్డులో వేశారు. నేను మాత్రం ఒక్క ఎన్నిక గురించే మాట్లాడతాను. అది సిక్కింలో 1979 అక్టోబరులో జరిగింది.

ముందు 1974 సంగతి చెప్పాలి. అప్పటికి సిక్కిం మన రాష్ట్రం కాదు, అక్కడ చోగ్యాల్ అనే బిరుదున్న రాజు ఉన్నాడు. ఏప్రిల్ ఎన్నికల్లో కాజీ లెందుప్ దోర్జీ గారి సిక్కిం కాంగ్రెస్ 32 స్థానాల్లో 31 గెలిచింది. మరుసటి ఏడాది, భారత్‌లో కలుద్దామా అని ప్రజల్ని అడుగుతూ రెఫరెండం పెట్టారు. 1975 మే 16న సిక్కిం 22వ రాష్ట్రమైంది. కాజీ గారు మొదటి ముఖ్యమంత్రి. బాగానే ఉంది. కానీ కొత్త రాష్ట్రానికి కొత్తగా ఎన్నికలు పెట్టలేదు. రాజు కాలంలో ఎన్నికైన సభనే రాష్ట్ర శాసనసభగా భావించాలని రాజ్యాంగం 371ఎఫ్ అధికరణంలో రాసుకున్నాం.

ఆ తర్వాత చూడండి. సిక్కిం కాంగ్రెస్ వెళ్లి ఇందిరమ్మ కాంగ్రెస్‌లో కలిసింది. 1977లో ఢిల్లీలో జనతా గెలిచింది. కాజీ గారు తన వాళ్లను వెంటబెట్టుకుని జనతాలో చేరిపోయారు. ఓటేసినవాడు మాత్రం ఓటేసిన చోటే ఉన్నాడు. వాడిని ఒక్కసారైనా అడిగారా? ఫిరాయింపుల చట్టం 1985 దాకా రాలేదు. వచ్చి ఏం ఒరగబెట్టిందంటారా, మన రాష్ట్రాల ఊసెత్తనని అధ్యక్షులవారికి మాటిచ్చాను. మీరు నవ్వుతున్నారు కాబట్టి ఎత్తాల్సిన పని కూడా లేదు.

ఒక్క నిమిషం పక్కకి వెళ్తాను, ఇది చెప్పకపోతే నాకు నిద్ర పట్టదు. సిక్కింలో ‘సంఘ’ అని ఒక నియోజకవర్గం ఉంది. దానికి ఊళ్లూ లేవు, ఎల్లలూ లేవు. బౌద్ధ మఠాల సన్యాసులు, సన్యాసినులే ఓటర్లు. పోటీ చేసేదీ వాళ్లే. మతం పేరిట సీటేమిటని సుప్రీంకోర్టు దాకా వెళ్తే, 1993లో కోర్టు అది చెల్లుతుందని చెప్పింది. సీట్ల లెక్క అక్కడ అంత సున్నితమైన వ్యవహారం. అలాంటి చోట 1974లో నేపాలీలకు కేటాయించిన సీట్లను 1979 నాటికి తీసేశారు. అసలే భారత్‌లో విలీనం మీద కోపం, దానికి ఇదొకటి తోడు.

నర్ బహదూర్ భండారీ అని ఒక బడిపంతులు. విలీనాన్ని వ్యతిరేకించి, ఎమర్జెన్సీలో జైలుకెళ్లాడు. కాజీ దేశాన్ని అమ్మేశాడని ఊరూరా చెప్పాడు. ఫలితాలొచ్చాయి. భండారీ గారి జనతా పరిషత్‌కు 16, మరో రెండు పార్టీలకు 11, 4, ఒక స్వతంత్రుడు. కాజీ గారి జనతా పార్టీకి సున్నా. అయిదేళ్ల కిందట 31, ఇప్పుడు సున్నా! ఆయన సీటూ పోయింది.

ఇంతకీ, గెలిచిన భండారీ గారేం చేశారు? కొన్నాళ్లకే తన పార్టీని కాంగ్రెస్‌లో కలిపేశారు. నాకు కాజీ గారి మీద కంటే ఈయన మీదే కోపమెక్కువ. 2024కు రండి. అధికార పార్టీకి 31, ప్రతిపక్షానికి ఒక్కటి. ఆ ఒక్కరూ కొన్ని వారాలకే అధికార పార్టీలో చేరారు.

పార్టీ మారాలనుకున్నవాళ్లు ఒక్కరైనా, పదిమందైనా, రాజీనామా చేసి మళ్లీ ఓటు అడగాలి. ఫిరాయింపుల చట్టంలో పార్టీల విలీనమనే మినహాయింపు ఉండకూడదు. ఈ మాటే తీర్మానంగా రాసి తెచ్చాను. కాగితం వెనక బల్ల మీద ఉంది. టీ తాగే ముందు సంతకం పెట్టండి.