మల్లె, నిమ్మ, మంచు: ఇంట్లో సోర్బెట్ చేసే పద్ధతి

అందరికీ నమస్కారం.

ఈ చిన్న సీసాను ముందు వరసలో ఉన్నవారికి ఇస్తున్నాను. మూత తీసి వాసన చూసి పక్కవారికి అందించండి. అందులో ఉన్నది పంచదార పాకం మాత్రమే. నిన్న రాత్రి దానిలో మల్లెపూలు వేసి, ఈ ఉదయం వడకట్టాను. ఇప్పుడు ఒక్క రేకు కూడా లేదు. సీసా హాలంతా తిరిగి నా దగ్గరకు వచ్చేలోగా నిమ్మ, కమలా, మల్లె కలిపి సోర్బెట్ ఎలా చెయ్యాలో చెబుతాను.

సోర్బెట్‌లో పాలు ఉండవు, మీగడ ఉండదు. పండ్ల రసం, నీరు, పంచదార, అంతే. షర్బత్, సోర్బెట్ అక్కచెల్లెళ్ల వంటి మాటలు. అరబ్బీలో ‘తాగడం’ అనే అర్థమున్న ధాతువు నుంచి పుట్టి, తుర్కీ మీదుగా ఇటలీకి, ఫ్రాన్సుకు ప్రయాణించిన మాట ఇది. కొవ్వు లేదు కాబట్టి ఇందులో లోపాలను దాచే చోటు కూడా లేదు. పండు చప్పగా ఉంటే సోర్బెట్టూ చప్పగానే ఉంటుంది.

మొదటిసారి నేను మరుగుతున్న పాకంలో మల్లెలు వేశాను. వంటిల్లంతా ఘుమఘుమలాడింది. చాలా సంతోషించాను. చల్లారాక రుచి చూస్తే ఉడికిన ఆకు రుచి, చివర్లో చేదు. వంటిల్లు నిండిన ఆ పరిమళమే పాకం పోగొట్టుకున్నదని అప్పుడు తెలిసింది. పూల వాసనను ఇచ్చే పదార్థాలు తేలికగా ఆవిరైపోతాయి. వేడి తగిలితే ముందు వెళ్లిపోయేవి అవే. అందుకే నేను పట్టుబట్టి చెప్పే మాట ఒక్కటే: పూలకు వేడి చూపించకండి, రసానికి కూడా చూపించకండి. వేడి పంచదార కరగడానికి మాత్రమే.

కొలతలు రాసుకోండి. నీరు 300 మిల్లీలీటర్లు, పంచదార 230 గ్రాములు, కమలా రసం 300 మిల్లీలీటర్లు, నిమ్మరసం 100 మిల్లీలీటర్లు, చిటికెడు ఉప్పు, గుప్పెడు మల్లెపూలు. ఉప్పు చేదును అణచడానికి.

ముందు తొక్క సంగతి. కమలా తొక్కను వెలుతురుకు ఎదురుగా పట్టుకుని మడిచి నొక్కండి. సన్నని తుంపర లేస్తుంది. అది నూనె. పండులోని పరిమళంలో పెద్ద భాగం అక్కడే, రంగున్న పైపొరలోనే ఉంటుంది. కింది తెల్లని పొర చేదు, అది రానివ్వకూడదు. రెండు నిమ్మకాయల, ఒక కమలా పండు పైపొరను సన్నగా తురిమి, పంచదారలో వేసి వేళ్ల కొసలతో నలపండి. రెండు నిమిషాల్లో పంచదార రంగు మారి, తడి ఇసుకలా వేళ్లకు అంటుకుంటుంది. ఆ తడితో పాటు తొక్కలోని నూనె కూడా పంచదారలోకి దిగింది. నాకు ఈ పనంతటిలో ఎక్కువ ఇష్టమైన ఘట్టం ఇదే.

సగం నీరు గోరువెచ్చగా చేసి ఆ పంచదారను కరిగించండి. మిగతా చల్లని నీరు కలిపి, పూర్తిగా చల్లారాక పూలు వెయ్యండి. ఆకుపచ్చని తొడిమలు ముందే తుంచెయ్యాలి, చేదు అక్కడి నుంచే వస్తుంది. మూతపెట్టి ఫ్రిజ్‌లో ఉంచండి. ఆరు గంటల తరువాత రుచి చూడండి, చాలకపోతే తెల్లవారే దాకా ఉంచండి. వడకట్టేటప్పుడు పూలను పిండకండి. మల్లెలో వాసననిచ్చే లినలూల్ అనే పదార్థం నిమ్మజాతి పండ్ల తొక్కలోనూ కొద్దిగా ఉంటుంది. ఈ రెండూ అంత సహజంగా కలిసిపోవడానికి అదొక కారణమని నా నమ్మకం.

పూల గురించి ఒక హెచ్చరిక, దయచేసి తేలికగా తీసుకోకండి. అలంకరణకు అమ్మే పూల మీద పురుగుమందులు ఉండవచ్చు. మందు చల్లకుండా, తినడానికే పెంచిన పూలే వాడండి. మల్లెను పోలిన పూలలో విషపూరితమైనవీ ఉన్నాయి. అనుమానం ఉంటే పూలు మానేసి నారింజ పూల నీరు రెండు చెంచాలు వాడండి. నారింజ పూలను ఆవిరి పట్టినప్పుడు పైన తేలే నూనెను తీసేశాక మిగిలే సుగంధ జలం అది. ఎక్కువైతే సబ్బు వాసన వస్తుంది.

ఇప్పుడు పంచదార. “తగ్గించవచ్చా?” అని ప్రతిసారీ ఎవరో ఒకరు అడుగుతారు. తగ్గించకండి. ఇక్కడ పంచదార తీపి కోసం మాత్రమే కాదు, మెత్తదనం కోసం. నీరు గడ్డకట్టే కొద్దీ మిగిలిన పాకం చిక్కబడుతుంది, చిక్కబడే కొద్దీ అది గడ్డకట్టడానికి ఇంకా ఎక్కువ చలి కావాలి. అందుకే ఫ్రీజర్‌లో మైనస్ 18 డిగ్రీల దగ్గర కూడా కొంత పాకం ద్రవంగానే మిగిలి, మంచు పలుకుల మధ్య కందెనలా పనిచేస్తుంది. పండ్ల రసంలో ఉండే చక్కెరతో కలిపి, మొత్తం బరువులో పంచదార 25 నుంచి 30 శాతం ఉండాలి. తగ్గితే చెంచా దిగని రాయి అవుతుంది. 30 బాగా దాటితే సరిగా గట్టిపడదు. కొలిచే సాధనం లేకపోతే, బాగా కడిగిన తాజా కోడిగుడ్డును పాకం, రసం కలిపిన మిశ్రమంలో వదలండి. నాణెమంత గుండ్రటి భాగం పైకి తేలితే సరిపోయినట్టే. గడ్డకట్టకముందు మిశ్రమం కాస్త ఎక్కువ తీపిగా, ఎక్కువ వాసనగా అనిపించాలి. చలిలో నాలుకకు రెండూ తగ్గి తెలుస్తాయి.

పండ్లను అప్పటికప్పుడు పిండి, ఆ రసాన్నీ ఉప్పునూ వడకట్టిన పాకంలో కలపండి. నిలవ ఉంచినా, కాచినా కొన్ని నిమ్మజాతి రసాల్లో చేదు పుడుతుంది.

మిశ్రమాన్ని ఫ్రిజ్‌లో బాగా చల్లబరిచి, వెడల్పాటి లోతులేని పళ్లెంలో పోసి ఫ్రీజర్‌లో పెట్టండి. వేగంగా గడ్డకడితే పలుకులు సన్నగా ఉంటాయి, నెమ్మదిగా గడ్డకడితే పెద్దవై పళ్ల కింద కరకరలాడతాయి. ముప్పావు గంటకోసారి అంచుల నుంచి మధ్యకు ఫోర్కుతో గీకండి. మొదటిసారి అంచున పల్చని అద్దంలాంటి పెళ్లలు వస్తాయి. మూడోసారికి తడి మంచులా మెత్తబడుతుంది. అప్పుడు మిక్సీలో ఒక్క నిమిషం తిప్పి, డబ్బాలో అదిమి, ఉపరితలానికి ఆనేలా కాగితం కప్పి మళ్లీ ఫ్రీజర్‌లో పెట్టండి. ఐస్‌క్రీమ్ యంత్రం ఉంటే మంచిదే, లేదని ఆగకండి. వారంలోపే తినెయ్యండి. పూల వాసన ఎక్కువ రోజులు ఆగదు.

వడ్డించే ముందు పది నిమిషాలు బయట ఉంచాలి. నేను మాట్లాడటం మొదలుపెట్టినప్పుడు ఫ్రీజర్‌లోనే ఉన్న ఈ డబ్బాను పూల గురించి చెబుతుండగా బయటకు తెప్పించాను. సీసా కూడా తిరిగి వచ్చింది, పాకం సగానికి తగ్గింది, ఎవరో రుచి చూసినట్టున్నారు, సంతోషం. చిన్న గిన్నెలు అటువైపు నుంచి వస్తున్నాయి. నాలుక మీద పెట్టుకున్నాక వెంటనే మింగకండి. ముందు నిమ్మ తెలుస్తుంది. కరిగి నోటి వెచ్చదనం తగిలాక మల్లె వస్తుంది.