కరెంటు పోయిన తుపాను రాత్రి మూగజీవాలకు వెచ్చదనం

అందరికీ నమస్కారం.

"మన నెల్లూరులో చలికి కుక్కలు పోతాయా అండీ?" అని ఇందాక ఒక పెద్దాయన అడిగారు. మన దగ్గర చలి మంచుతో రాదు, వాయుగుండంతో వస్తుంది. పొడి ఒంటితో ఉన్న కుక్క మన డిసెంబరును సులువుగా తట్టుకుంటుంది. తడిసి, ఈదురుగాలికి నిలబడితేనే ప్రమాదం.

2023 డిసెంబరు 5న మిచౌంగ్ తుపాను బాపట్ల దగ్గర తీరం దాటింది. అంతకుముందు రాత్రి మా వీధిలో కరెంటు లేదు. మెట్ల కింద ఓ వీధికుక్క ఈనింది, ఐదు పిల్లలు. ఒకటి జల్లు పడేచోటికి దొర్లిపోయింది. చేతిలోకి తీసుకుంటే ఫ్రిజ్‌లోంచి తీసిన వంకాయలా ఉంది. ఆకలేమో అనుకుని దూదితో పాలు పిండాను. తెల్లారేసరికి పోయింది. తల్లి పొట్ట కింద ఉన్న నాలుగూ బతికాయి.

తర్వాత పశువుల డాక్టరు చెప్పారు, ఒళ్లు చల్లబడ్డ పిల్లకు పాలు అరగవని, ఊపిరితిత్తుల్లోకి కూడా పోవచ్చని. పుట్టిన మొదటి రోజుల్లో వాటికి వణికి వేడి పుట్టించుకోవడం కూడా రాదట. ముందు తుడవాలి, తర్వాత మెల్లగా వెచ్చబెట్టాలి, పాలు ఆఖరున. ఈ వరస తెలియక ఒక ప్రాణం పోగొట్టాను. అందుకే ఈరోజు మీ ముందు నిలబడ్డాను.

తలుపులు మూసి కుంపటి మాత్రం పెట్టకండి. బొగ్గుల నుంచి వచ్చే కార్బన్ మోనాక్సైడ్‌కు వాసన ఉండదు. పంజరంలో పిట్టలు ముందు పోతాయి, ఆ తర్వాత మనమే. జనరేటరు కూడా ఇంటి బయట, కిటికీలకు దూరంగా ఉండాలి. పిల్లి నలతగా ఉందని పారాసెటమాల్ వేయకండి, దానికది విషం. అక్వేరియం మోటారు ఆగితే మగ్గుతో నీళ్లు తీసి పైనుంచి పోస్తూ ఉండండి, మేత ఆపేయండి.

ఇంకొక్కటి. నీళ్లు వచ్చే సూచన ఉంటే కుక్క గొలుసు విప్పండి. 2021 నవంబరులో పెన్నా పొంగినప్పుడు ఒడ్డు కాలనీల్లో నీళ్లు ఎంత త్వరగా ఎక్కాయో మీరు చూశారు. కట్టేసిన జంతువు ఈదలేదు.

ఇదిగో, గ్యాసు పొయ్యి మీద కళ్లుప్పు వేయించి కట్టిన మూట, మన అమ్మమ్మలు కాపడం పెట్టేదే. దీన్ని పాత తువ్వాలులో చుట్టి, పెట్టెలో ఒక పక్కనే పెట్టాలి, వేడెక్కువైతే పిల్ల ఇవతలికి పాకేలా. ముందు వరస వాళ్లు అందుకోండి. మణికట్టు లోపలివైపు ఆనించి, ఎంత వేడి చాలో చూసి, పక్కవాళ్లకు ఇవ్వండి.