సైమన్ నేపియర్-బెల్: ఈ మేనేజర్ చెప్పే కథలు ఎంతవరకు నమ్మొచ్చు?

అందరికీ నమస్తే. ఇవాళ మాట్లాడుకునేది స్టేజీ మీద పాడేవాళ్ల గురించి కాదు, వాళ్ల వెనకుండి డబ్బు, డేట్లు, పేపర్లో ఏ ఫోటో రావాలి అనేవన్నీ చూసుకునే మనిషి గురించి. పేరు సైమన్ నేపియర్-బెల్. లండన్‌లో 1939లో పుట్టాడు. డిసెంబర్ రాగానే ఎక్కడ చూసినా వినిపించే 'లాస్ట్ క్రిస్మస్' పాట ఉంది కదా, జార్జ్ మైకేల్ పాడింది, అది 1984లో వచ్చినప్పుడు జార్జ్ ఉన్న 'వామ్!' అనే ఇద్దరు కుర్రాళ్ల పాప్ బృందం వ్యవహారాలన్నీ చూసింది ఈయనా, ఈయన భాగస్వామి జాజ్ సమ్మర్సూ.

తర్వాత పుస్తకాలు రాశాడు, డెబ్బై దాటాక డాక్యుమెంటరీలు తీశాడు. వినగానే ఎక్కడి నుంచి ఎక్కడికి వెళ్లాడురా బాబూ అనిపిస్తుంది. నాకైతే ఈయన ఎక్కడికీ వెళ్లలేదనిపిస్తుంది, మొదట్నుంచీ చేసిన పని ఒకటే, కథ అల్లి దాన్ని జనం చేత నమ్మించడం. అసలు వాళ్ల నాన్నే డాక్యుమెంటరీలు తీసేవాడు, ఈయన కూడా పాటల్లోకి రాకముందు సినిమా ఎడిటింగ్ రూముల్లో పనిచేసినవాడే.

1966 చూడండి. డస్టీ స్ప్రింగ్‌ఫీల్డ్ అనే గాయని అంతకుముందు ఏడాది ఇటలీలోని సాన్‌రెమో పాటల పోటీలో ఒక ఇటాలియన్ పాట విని మనసు పారేసుకుంది, దానికి ఇంగ్లీషు మాటలు కావాలంది. టీవీ షో నడిపే విక్కీ విక్‌హమ్, ఈయన కలిసి రాసిచ్చారు. 'యూ డోంట్ హావ్ టు సే యూ లవ్ మీ' బ్రిటన్‌లో నంబర్ వన్ అయింది, తర్వాత ఎల్విస్ కూడా పాడాడు. ఆ పాట ఎలా పుట్టిందంటే, రాత్రి క్లబ్బుకు వెళ్తూ టాక్సీలో రాసేశామంటాడు! నిజమే కావచ్చు. కానీ టాక్సీలో రాశాం అంటే వినేవాడు గుర్తుపెట్టుకుంటాడు, టేబుల్ ముందు కూర్చుని నాలుగుసార్లు కొట్టేసి రాశాం అంటే ఎవరికి గుర్తుంటుంది చెప్పండి.

అదే ఏడాది యార్డ్‌బర్డ్స్ అనే రాక్ బృందానికి మేనేజర్ అయ్యాడు. గిటారిస్టులు జెఫ్ బెక్, జిమ్మీ పేజ్ ఇద్దరూ అందులోనే. కొన్నాళ్లకే వదిలేసుకున్నాడు, 1968లో అదే జిమ్మీ పేజ్ లెడ్ జెప్పెలిన్ అనే రాక్ బృందం పెట్టాడు, దాని డబ్బంతా వేరే మేనేజర్ చేతికి పోయింది. ఇక జాన్స్ చిల్డ్రన్ అనే ఇంకో బృందం ఉండేది, స్టూడియోలో రికార్డు చేసిన వాళ్ల ఆల్బమ్ లైవ్ కచేరీలా వినపడాలని, బీటిల్స్ సినిమాలోని అమ్మాయిల కేకలు తెచ్చి దాని మీద అతికించారు. ఈ ఒక్క విషయం గుర్తుపెట్టుకోండి, చివర్లో పనికొస్తుంది.

అసలు కథ చైనా. వామ్! కుర్రాళ్లకి అమెరికాలో పేరు రావాలి, ఊరూరా తిరిగి పాడాలంటే ఏళ్లు పడుతుంది. ఈయనకి తట్టిన ఐడియా ఏంటంటే, పాశ్చాత్య పాప్ బృందాలు అడుగుపెట్టని కమ్యూనిస్టు చైనాలో వీళ్ల చేత పాడిస్తే అమెరికా టీవీ న్యూస్ వాళ్లే వెంటపడతారు కదా అని. ఏడాదిన్నర పాటు బీజింగ్‌కి పోవడం, అధికారులను ఒక్కొక్కరినీ భోజనానికి తీసుకెళ్లడం. ఈలోగా క్వీన్ బృందం కూడా పోటీకొచ్చింది. మన పంచగనిలో చదువుకున్న ఫ్రెడ్డీ మెర్క్యురీ ఉన్నది అందులోనే. అప్పుడు ఈయన రెండు బ్రోషర్లు తయారు చేయించానంటాడు, ఒకదాంట్లో బుద్ధిమంతుల్లా నవ్వుతున్న వామ్! కుర్రాళ్లు, రెండోదాంట్లో ఫ్రెడ్డీ స్టేజీ మీద రెచ్చిపోయిన ఫోటోలు ఏరి ఏరి పెట్టాడట. రెండూ అధికారుల ముందు పెట్టి ఏది కావాలో మీరే చూసుకోండి అన్నాడట. వ్యాపారం తెలివి అనాలా, పచ్చి కుట్ర అనాలా? నేనైతే కుట్రే అంటాను, అయినా చదువుతుంటే నవ్వాపుకోలేకపోయాను.

1985 ఏప్రిల్ 7న బీజింగ్ వర్కర్స్ జిమ్నేజియంలో కచేరీ జరిగింది. జనం లేచి ఆడకూడదని ముందే చెప్పారు, పోలీసులు చుట్టూ నిలబడ్డారు, పాపం కుర్రాళ్లిద్దరూ ఎగిరి గంతులేస్తుంటే ఎదుట వేల మంది బిక్కుబిక్కుమంటూ కూర్చున్నారు. అయితేనేం, అమెరికాలో అనుకున్న ప్రచారం వచ్చేసింది. ఇరవై ఏళ్లకి ఈ భోజనాల గొడవ మొత్తం 2005లో పుస్తకంగా రాశాడు.

బీజింగ్ కచేరీ అయిన మరుసటి ఏడాదే, 1986లో, జార్జ్‌తో చెడింది. మేనేజర్లిద్దరూ తమ కంపెనీని అమ్మబోతే, కొనేవాళ్లకి దక్షిణాఫ్రికా సన్ సిటీ రిసార్టుతో లింకుందని బయటపడింది. వర్ణవివక్ష రోజులు, అక్కడికెళ్లి పాడినవాళ్లనే జనం తిట్టేవారు. జార్జ్ మైకేల్ తెగతెంపులు చేసుకున్నాడు. 1986 జూన్ 28న వెంబ్లీలో వామ్! చివరి కచేరీ కూడా అయిపోయింది.

మన దగ్గర ఇలాంటి మనిషి ఎందుకు లేడంటే, మనకి పాటంటే సినిమా పాటే, గాయకుడి వెనక మ్యూజిక్ డైరెక్టర్, ఆయన వెనక నిర్మాత. పాప్ మేనేజర్ అనే కుర్చీయే పెద్దగా లేదు.

పుస్తకాల్లో నాకు అన్నిటికన్నా నచ్చింది 2001లో వచ్చిన 'బ్లాక్ వినైల్ వైట్ పౌడర్'. బ్రిటన్ పాప్ పరిశ్రమని డ్రగ్స్ ఎలా నడిపాయి, 60ల్లో బీటిల్స్ మేనేజర్ బ్రయాన్ ఎప్‌స్టీన్‌తో మొదలుపెట్టి మేనేజర్లలో అంతమంది గేలు ఎందుకున్నారు, వాళ్ల ఇష్టాయిష్టాలు కుర్రాళ్ల బృందాల వేషం మీద, జుట్టు మీద ఎలా కనపడ్డాయి అని రాస్తాడు. ఈయన కూడా గేనే, ఎప్పుడూ దాచలేదు. ఇంగ్లాండ్‌లో మగవాళ్ల మధ్య స్వలింగ సంబంధాలు 1967 దాకా నేరం, ఆ చట్టం మారి యాభై ఏళ్లైన సందర్భంగా 2017లో '50 ఇయర్స్ లీగల్' తీశాడు. అంతకుముందు అమెరికా గాయకుడు ఫ్రాంక్ సినాత్రా మీద ఒకటి, తర్వాత ఇరవై ఏడేళ్లకే పోయిన రాక్ స్టార్ల మీద ఒకటి. ఈ రెండూ ఒకసారి చూస్తే చాలు.

ఇబ్బందల్లా జార్జ్ మైకేల్ మీద ఈయన తీసిన సినిమాతోనే. 2016 క్రిస్మస్ నాడు జార్జ్ పోయాడు. చివరి రోజుల దాకా తన మీద తనే ఒక డాక్యుమెంటరీ చేసుకుంటున్నాడు, 'ఫ్రీడమ్', అది 2017లో టీవీలో వచ్చింది. దాని తర్వాత ఈయన తీశాడు, ఎప్పుడో తనని వదిలించుకున్న కుర్రాడి జీవితం మీద, ఆ కుర్రాడు ఇక కాదని చెప్పలేని టైములో. చూడొద్దనను, జార్జ్ తన సినిమాలో దాటేసిన విషయాలు బయటివాళ్ల నోట వినాలనిపించడం సహజమే. కానీ చూసేటప్పుడు అరువు కేకలు అతికించిన ఆల్బమ్ గుర్తుందిగా, అది మనసులో పెట్టుకుని చూడండి. ముందు జార్జ్ తీసింది, తర్వాత ఈయనది. పుస్తకాల్లో అయితే చైనాది తర్వాత చూసుకోవచ్చు, 'బ్లాక్ వినైల్'తో మొదలెట్టండి, అందులో ఈయనకి సంబంధం లేని జనం చాలామంది ఉన్నారు కాబట్టి చెప్పింది నిజమో కాదో వేరే చోట చూసుకునే వీలుంటుంది.